అపాయింట్‌మెంటు ఆయనది... పాస్‌వర్డు మనది!

మా బాన్సువాడలో ‘దుబాయి’ అంటే ఒక ఊరి పేరు కాదు. సౌదీ పోయినా దుబాయే, కువైట్ పోయినా దుబాయే. మస్కట్, ఖతార్, బహ్రెయిన్... అన్నీ దుబాయే! “మీ ఇంటాయన ఏడున్నడు?” అంటే “దుబాయిల” అంటారు. “దుబాయిల ఏ దేశం?” అని మళ్లీ అడగాలి. వినడానికి నవ్వులాటగానే ఉంటుంది గానీ, ఈ రెండో ప్రశ్న దగ్గర ఆగిపోయిన ఇల్లాళ్లను నేను బోలెడుమందిని చూశాను. ఏ దేశమో తెలిస్తేనే కదా అక్కడి మన ఎంబసీ ఏదో తెలిసేది!

బస్టాండుకు దగ్గర్లో మాకో చిన్న జిరాక్స్ షాపు ఉంది. ఒక కంప్యూటరు, ఒక ప్రింటరు, ఒక లామినేషన్ మిషను. ఇంటిపని ముగించుకుని పదింటికల్లా నేనే వచ్చి కూర్చుంటాను. ఆధార్ కాపీలకు, ఇన్‌కం సర్టిఫికెట్లకు వచ్చేవాళ్లు ఎలాగూ ఉంటారు. వాళ్లు కాక వారానికి నలుగురైదుగురు ఆడవాళ్లు ప్లాస్టిక్ కవరు ఒకటి చంకలో పెట్టుకుని వస్తారు. జనం పలచబడేదాకా ఆగి, మెల్లగా అడుగుతారు: “అక్కా, ఎంబసీల అపాయింట్‌మెంట్ చేస్తవా?”

“అక్కడున్న మనిషే చేసుకోవచ్చు కదా” అని మీకనిపించవచ్చు. చేసుకోవచ్చు. కానీ ఆ మనిషి పొద్దున నాలుగింటికి లేచి కంపెనీ బస్సెక్కి, చీకటి పడ్డాక క్యాంపుకు చేరేవాడు. గదిలో ఎనిమిదిమంది. చేతిలో ఫోనుంటుంది గానీ ఇంగ్లీషు ఫారం నింపేంత చదువూ ఉండదు, తీరికా ఉండదు. చదువుకున్న భార్యో, ఇంటర్ చదివే కూతురో ఇక్కడుంటుంది. అందుకని రియాద్‌లో జరగాల్సిన పనికి బాన్సువాడలో బుకింగ్ జరుగుతుంది. మనకు పొద్దున పదిన్నర అయితే సౌదీలో, కువైట్‌లో ఎనిమిది. ఆయన ఫోనుకు ఓటీపీ వెళ్లాలి, ఆయన చూసి చెప్పాలి, మనం కొట్టాలి. ఈలోగా పేజీ కాలం చెల్లిందని మొదటికొస్తుంది. అలా మూడు శుక్రవారాలు ప్రయత్నించిన వాళ్లున్నారు. ఆయనకు తీరిక దొరికేది ఆ రోజే మరి.

మూడు వందల రియాల్ కథ

మా వీధి చివర ఉండే ఒకామె, బీడీలు చుడుతుంది, ఇద్దరు పిల్లలు. భర్త సౌదీలో డ్రైవరు. పాస్‌పోర్టు గడువు ఇంకో మూడు నెలలే ఉంది. గడువు దాటితే అఖామా రెన్యువల్ కాదు, అఖామా లేకపోతే రోడ్డు మీద పోలీసులు ఆపినా భయమే, ఆస్పత్రికి పోయినా భయమే. ఆయన క్యాంపులో ఒక పెద్దమనిషి “అపాయింట్‌మెంటు నేనిప్పిస్తా, మూడు వందల రియాల్ ఇయ్యి” అన్నాడట. మన లెక్కలో దగ్గర దగ్గర ఏడు వేలు. ఆమె ఎన్ని వేల బీడీలు చుడితే ఆ ఏడు వేలు! “ఇయ్యమంటవా అక్కా?” అని నన్నడిగింది.

అసలు పద్ధతి ఇదీ. ముందు విదేశాల్లోని మనవాళ్ల కోసం ఉన్న పాస్‌పోర్ట్ సేవా పోర్టల్‌లో ఫారం నింపాలి. నింపాక ఒక నంబరు వస్తుంది. ఆ ఫారం ప్రింటు తీసుకుని, ఆ దేశంలో మన ఎంబసీ తరఫున దరఖాస్తులు తీసుకునే సెంటరులో రోజూ టైమూ ఎంచుకోవాలి. ఈ సెంటర్లు నడిపేది ప్రైవేటు సంస్థలు. కాంట్రాక్టును బట్టి సంస్థలు మారిపోతుంటాయి. కాబట్టి రెండేళ్ల కిందట పక్కింటివాళ్లు బుక్ చేసిన సైటే మనకూ పనికొస్తుందనుకోవద్దు. గూగుల్‌లో మొదట కనబడిందల్లా నొక్కవద్దు. ముందుగా మన ఎంబసీ సొంత సైటు తెరవాలి. దాని చివర ‘గవ్ డాట్ ఇన్’ ఉంటుంది. అక్కణ్నుంచే సెంటరు సైటుకు దారి ఉంటుంది. పాస్‌పోర్టు ఫీజూ, సెంటరు సర్వీసు ఛార్జీ వేరే ఉంటాయి, రసీదు ఇస్తారు. రసీదు లేని మూడు వందల రియాల్ సంగతి ఏ ఎంబసీ సైటులోనూ కనబడదు!

ఆమెకు ఆ రోజే స్లాటు దొరకలేదు. నాలుగు రోజుల తర్వాత పొద్దున పూట ప్రయత్నిస్తే దొరికింది. ఎవరో రద్దు చేసుకున్నదై ఉంటుంది. స్లాట్లు అలా ఖాళీ అవుతూనే ఉంటాయి, ఓపిగ్గా చూడాలంతే. ఇంకో మాట, గడువు దగ్గర పడేదాకా ఆగడం మనకు అలవాటు. పాస్‌పోర్టు గడువుకు ఏడాది ముందు నుంచే రెన్యువల్‌కు పెట్టుకోవచ్చు. మన క్యాలెండరు మీద పాలవాడి లెక్కల పక్కన ఆ తేదీ కూడా రాసి పెట్టుకుంటే తప్పేముంది?

“ఆయన పాస్‌పోర్టు కఫీల్ దగ్గర్నే ఉంది, ఇస్తలేడు” అనేవాళ్లూ వస్తారు. పాస్‌పోర్టు భారత ప్రభుత్వ ఆస్తి. కఫీల్ దాచుకోవడం అక్కడి చట్టాలకూ విరుద్ధమే. అలాంటప్పుడు స్లాటు బుక్ చేసినా లాభం లేదు, ముందు ఎంబసీకి ఫిర్యాదు పోవాలి. ఇక్కణ్నుంచే పెట్టొచ్చు. కేంద్ర విదేశాంగ శాఖ 2015లో తెచ్చిన ‘మదద్’ పోర్టల్ అందుకోసమే ఉంది. ఫిర్యాదుకొక నంబరిస్తారు, ఎక్కడిదాకా వచ్చిందో మనమే చూసుకోవచ్చు. చదువు రానివాళ్లు 1800 11 3090కు ఫోను చేసి అడగవచ్చు. మనదేశంలో ఎక్కణ్నుంచి చేసినా ఉచితమే.

తాళం ఎవరి దగ్గర?

నాకు ఒళ్లు మండేది ఒక విషయంలో. ఫారం నింపిపెడతామని చెప్పే ఏజెంట్లు చాలామంది తమ ఈమెయిలూ, తమ ఫోను నంబరూ పెట్టి ఖాతా తెరుస్తారు. అపాయింట్‌మెంటు మనదే, ఫొటో మనదే, డబ్బు మనదే. కానీ మెసేజ్‌లన్నీ ఏజెంటుకే! తేదీ మార్చుకోవాలంటే మళ్లీ వాడి కాళ్లే పట్టుకోవాలి, మళ్లీ డబ్బే. ఊరు మార్చేస్తే, ఫోనెత్తకపోతే... అంతే సంగతులు. ఇంటికి తాళం వేసి తాళంచెవి దారిన పోయేవాడికి ఇస్తామా?

అందుకని నా షాపుకొచ్చిన ఏ చెల్లెకైనా ముందు ఆమె పేరునే ఒక ఈమెయిలు తెరిపిస్తాను. పాస్‌వర్డు నేను చూడను, అటు తిరిగి నిల్చుంటాను. రేషన్ కార్డు దాచే డబ్బాలోనే ఒక నోటుబుక్కు పెట్టి అందులో రాసుకోమంటాను. ఈమెయిలు, దరఖాస్తు నంబరు, స్లాటు తేదీ, కట్టిన డబ్బు. నేనూ ఫారానికి యాభై రూపాయలు తీసుకుంటాను, దాచడమెందుకు! అది టైపింగుకూ ప్రింటుకూ, అపాయింట్‌మెంటుకు కాదు. మన నిజామాబాద్ పాస్‌పోర్టు సేవా కేంద్రానికి కూడా ఇదే పద్ధతి. మామూలు పాస్‌పోర్టు ఫీజు 1500 రూపాయలు ఆన్‌లైన్‌లో కట్టి రోజు ఎంచుకోవడమే. ఆ రోజు కుదరకపోతే ఏడాదిలోగా మూడుసార్లు దాకా తేదీ మార్చుకోవచ్చు. అవతలివాడి ఈమెయిలుతో ఖాతా ఉంటే ఈ మార్చుకునే వీలే మన చేతిలో ఉండదు.

ఏజెంట్ల స్లాట్ల వ్యాపారం దుబాయిలకే పరిమితం అనుకోకండి. 2025 మార్చిలో మనదేశంలోని అమెరికా ఎంబసీ దాదాపు 2000 వీసా అపాయింట్‌మెంట్లను ఒక్కసారే రద్దు చేసింది. మనుషులు కాక కంప్యూటరు ప్రోగ్రాములు పట్టేసిన స్లాట్లవి. ఆ ఖాతాలకు మళ్లీ బుక్ చేసుకునే వీలు కూడా ఆపేశారు. “త్వరగా ఇప్పిస్తా” అన్నవాడికి డబ్బులిచ్చిన వాళ్లు ఆ రోజు ఎవర్ని అడిగి ఉంటారు?

అమెరికా సంగతి ఎత్తాను కాబట్టి ఆ మాట కూడా చెప్పేస్తాను. కూతురి కాన్పుకు పోయే అమ్మలు మా ఊళ్లోనూ పెరిగారు. 2008లో హైదరాబాద్‌లో కాన్సులేట్ తెరిచేదాకా అందరూ చెన్నై పోవాల్సి వచ్చేది. 2023 మార్చి నుంచి అది నానక్‌రామ్‌గూడలో ఉంది. రెండు అపాయింట్‌మెంట్లుంటాయి, ఒకటి వేలిముద్రలకూ ఫొటోకూ, అది వేరే చోట. రెండోది కాన్సులేట్‌లో ఇంటర్వ్యూ. ఫీజు 2023 జూన్ నుంచి 185 డాలర్లు. వీసా వచ్చినా రాకపోయినా అది తిరిగి రాదు. కట్టిన ఏడాదిలోపు ఇంటర్వ్యూకు బుక్ చేసుకోవాలి. భార్యాభర్తలిద్దరినీ ఒకే గుంపుగా బుక్ చేస్తే ఒకే రోజు పని అవుతుంది. ఇదివరకు ఎనభై దాటిన పెద్దవాళ్లకు ఇంటర్వ్యూ ఉండేది కాదు. 2025 సెప్టెంబరు నుంచి వాళ్లూ రావాల్సిందే అన్నారు. ఇంగ్లీషు రాదని కంగారొద్దు, ఇంటర్వ్యూ తెలుగులో అడగవచ్చు. ఫోను మాత్రం లోపలికి రానివ్వరు, చేతిలో కాగితం మీద రాసుకున్న నంబరే దిక్కు.

ఇంటిపేరు తిప్పలు

ఎంబసీ ఏదైనా మన తెలుగువాళ్లందరికీ తగిలే రాయి ఒకటుంది. ఇంటిపేరు. ఆధార్‌లో పొడి అక్షరం, పదో తరగతి మెమోలో పూర్తి పేరు, పాస్‌పోర్టులో ముందుది వెనక్కి. ఆడవాళ్ల సంగతైతే చెప్పనే అక్కర్లేదు. పుట్టింటి పేరు ఒక కాగితంలో, అత్తింటి పేరు మరో కాగితంలో. కొందరికి పాస్‌పోర్టులో ఇంటిపేరు గడి ఖాళీగానే ఉంటుంది, ఒక్క ‘లక్ష్మి’ అని ఉంటుంది అంతే. 2022 నవంబరులో యూఏఈ వాళ్లు అలా ఒకే పేరున్న పాస్‌పోర్టుతో విజిట్ వీసా మీద వస్తే రానివ్వమన్నారు. తర్వాత, రెండో పేజీలో తండ్రి పేరో ఇంటిపేరో ఉంటే సరేనన్నారు. నా మాట వినండి, స్లాటు బుక్ చేసేటప్పుడు మనల్ని ఇంట్లో ఏమని పిలుస్తారన్నది పక్కన పెట్టి, పాస్‌పోర్టులో ఎలా ఉంటే అక్షరం పొల్లుపోకుండా అలా కొట్టండి. గేటు దగ్గర సెక్యూరిటీ వాళ్లు చూసేది అదే.

ఖతార్ పోయేవాళ్లకు 2019 నుంచి హైదరాబాద్‌లోనే వీసా సెంటరుంది. వేలిముద్రలు, వైద్య పరీక్షలు, కంపెనీ ఒప్పందం మీద సంతకం... అన్నీ విమానం ఎక్కకముందే. మీ అబ్బాయో, తమ్ముడో పోతుంటే ఒకటే చెప్పండి, సంతకం పెట్టకముందు జీతం అంకె చూసుకోమని. ఏజెంటు నోటిమాట జీతం ఒకటీ, కాగితం మీద జీతం ఇంకొకటీ అయితే వెనక్కి తిరగడానికి అదే ఆఖరి చోటు.

ఇక “ఎమిగ్రేషన్ అక్కర్లేదు, విజిట్ వీసా మీద పో, పోయినంక మారుద్దాం” అనేవాళ్లున్నారే, వాళ్ల మాట నమ్మితే కష్టకాలంలో చేతిలో ఏ కాగితమూ ఉండదు. పదో తరగతి పాసవని వాళ్లు పనికి పోయే 18 దేశాలకు ఎమిగ్రేషన్ అనుమతి కావాలి. ఆ దారిన పోతేనే ‘ప్రవాసీ భారతీయ బీమా’ ఉంటుంది. రెండేళ్లకు 275, మూడేళ్లకు 375 రూపాయల ప్రీమియం, ప్రమాదంలో పోతే పది లక్షలు. ఆ దేశాలకు ముప్పై ఏళ్లలోపు ఆడవాళ్లను ఈ దారిన పంపరు కూడా. చెప్పకూడని మాటే గానీ, ఆయన పాస్‌పోర్టు కాపీ, అఖామా కాపీ, కంపెనీ పేరు, కఫీల్ ఫోను నంబరు ఇంట్లో లేకపోతే ఆపద వేళ ఎంబసీకి ఏం చెప్పాలో తోచదు. గల్ఫ్‌లో చనిపోయినవారి కుటుంబాలకు ఐదు లక్షలు ఇస్తామని తెలంగాణ ప్రభుత్వం 2024లో ఉత్తర్వు ఇచ్చింది. దానికీ ఈ కాగితాలే కావాలి.

జీపీఏ ఎవరి పేరున?

అన్నిటికంటే నేను ఎక్కువసేపు కూర్చోబెట్టి మాట్లాడేది ఒక పని గురించి. పోయిన ఏడాది ఒకామె వచ్చింది. కువైట్‌లో ఉన్న భర్త పేరున ఇక్కడొక ఇంటి జాగ ఉంది. పన్నెండేళ్ల కష్టం అది. పెద్దబిడ్డ పెండ్లికి దాన్ని అమ్మాలి. అమ్మడానికి ఆయన రాలేడు, సెలవివ్వలేదు. “జీపీఏ ఫారం టైపు చెయ్యక్కా, మా మరిది పేరు మీద” అంది.

“మరిది పేరు మీద ఎందుకు?”

“ఆడిదానివి, ఆఫీసులెంట నువ్వేడ తిరుగుతవ్ వదినె అన్నడు.”

నేనేమీ అనలేదు. జీపీఏ అంటే ఏమిటో మాత్రం చదివి వినిపించాను. అమ్మవచ్చు, డబ్బు తీసుకోవచ్చు, తాకట్టు పెట్టవచ్చు, సంతకాలు చెయ్యవచ్చు... అన్నీ ఆ పేరున్న మనిషే. ఆమె కాసేపు ఆ కాగితం వంకే చూసింది. తర్వాత అక్కడే కుర్చీలో కూర్చుని భర్తకు ఫోను కలిపింది. ఆయన అన్నమాట స్పీకరులో నాకూ వినబడింది: “నీ పేరు మీదనే రాయించు. ఆఫీసులకు నువ్వు పోవన్నరని నేననుకున్న.”

చూశారా! ఇద్దరికీ అభ్యంతరం లేదు. మధ్యలో ఎవరో ఇద్దరి తరఫునా మాట్లాడేశారు.

జీపీఏ బదులు ఆ ఒక్క జాగకూ, ఆ ఒక్క అమ్మకానికీ మాత్రమే పనికొచ్చే స్పెషల్ పవర్ ఆఫ్ అటార్నీ రాయించాం. రాత మాత్రం నేను కాదు, డాక్యుమెంట్ రైటరు చేత రాయించమన్నాను. హద్దులూ నంబర్లూ తప్పితే మళ్లీ మొదటికొస్తుంది. దాన్ని ఆయనకు పంపితే ఆయన అక్కడ ప్రింటు తీసుకున్నాడు. పవర్ ఆఫ్ అటార్నీకి మనిషే స్వయంగా పోవాలి, కాన్సులర్ ఆఫీసరు ముందు సంతకం పెట్టాలి. ముందే ఇంట్లో సంతకం చేసుకుపోతే చెల్లదు. అసలు పాస్‌పోర్టు ఉండాలి, సాధారణంగా ఇద్దరు సాక్షులూ కావాలి. ఆ ఇద్దరికీ, ఆయనకూ ఒకే రోజు పని మానడం కుదరాలి కదా! రెండుసార్లు స్లాటు మార్చాం. ఈమెయిలు ఆమె పేరున ఉండబట్టి, మార్చిన రెండుసార్లూ ఇక్కడ నా షాపులో కూర్చుని తనే మార్చుకుంది.

ఒకటి మాత్రం గుర్తుంచుకోవాలి. ఎంబసీ ముద్ర వేసేది “ఈ సంతకం ఈ మనిషిదే” అని. లోపల రాసింది మంచిదా చెడ్డదా అన్నది వాళ్ల పని కాదు. ముద్ర పడింది కదా, అంతా సవ్యమే అని ఊరుకోకూడదు.

కాగితం కొరియరులో వచ్చింది. అలా విదేశం నుంచి వచ్చిన పవర్ ఆఫ్ అటార్నీకి మనదేశంలోకి అందిన మూడు నెలల్లోగా స్టాంపు డ్యూటీ కట్టించుకోవాలి. ఇది తెలియక కొరియరు కవరుతో సహా బీరువాలో దాచిపెట్టిన వాళ్లున్నారు. తీరా బేరం కుదిరి ఆఫీసుకు పోతే గడువు దాటి ఉంటుంది. కొరియరు కవరు మీద తేదీ ఉంటుంది, అది కూడా పారేయకండి. ఆమె పదిహేను రోజుల్లోనే జిల్లా రిజిస్ట్రార్ ఆఫీసుకు పోయి ఆ పని పూర్తి చేయించుకుంది. పొద్దున బస్సుకు పోయి, సాయంత్రం బస్సుకు వచ్చింది.

జాగ అమ్ముడుపోయింది. సంతకాలు ఆమే చేసింది, చెక్కు ఆమె ఖాతాలోనే పడింది. మరిది రెండు నెలలు మాట్లాడలేదట. పెండ్లి పనులు మొదలయ్యాక మళ్లీ వచ్చి టెంటు సామాను సంగతి చూశాడట. పెళ్లికి కువైట్ నుంచి ఆయన కూడా రాగలిగాడు. కాకపోతే ఈసారి అమ్మాయి అత్తగారివైపు వాళ్లు ఒకరు షాపుకొచ్చారు. వాళ్లబ్బాయి మస్కట్‌లో, పాస్‌పోర్టులో భార్య పేరు చేర్పించాలి. వెంట కొత్త పెళ్లికూతురే వచ్చింది. ఈమెయిలు తెరవమని నేను చెప్పకముందే, నోటుబుక్కు కూడా తెచ్చుకుంది.